నలభై ఒకటో నంబరు

మార్లీ భయం ఒక్కటే: తన మొగుడు డాల్టన్ పోలీసులకి ఉప్పందించాడని జైల్లో ఎవడో ఒకడు నమ్మడం, నమ్మి వాణ్ణి పొడిచెయ్యడం. కెంటకీ కొండల్లో ఆ ఊరి లైబ్రరీ. మధ్యాహ్నం పిల్లల కథల గంట అయిపోయింది. కిటికీ పక్క, కోర్టు కేసుల వెబ్‌సైటు తెరిచిన కంప్యూటరు ముందు మార్లీ, ఒళ్ళో కూతురు, పక్కన నిలబడి లైబ్రరీ చూసే వెర్నా.

"ఆ గడి కాదు తల్లీ, దాని కింద గడి. పైన ఇంటిపేరు, కింద పేరు."

"ఇంటిపేరే కొట్టాను వెర్నా గారూ. ఫ్యూగేట్ అని. చూడండి ఎంతమంది వచ్చి పడ్డారో. పేజీలకి పేజీలు."

"దేశం మొత్తం వెతకమన్నావు మరి. అయినా ఈ కొండల్లో ఫ్యూగేట్‌లకి కొదవేముంది. అదిగో, నాకు లెక్కలు చెప్పిన ఫ్యూగేట్ మేష్టారు కూడా ఉన్నట్టున్నాడు."

"ఆయనా? ఆయన కోర్టుకెందుకెక్కాడు?"

"దివాలా. కోళ్ళఫారం పెట్టి. లెక్కల మేష్టారు, చూడు. సరే, మనం చూడకూడదివి. కిందికి జరుపు, జరుపు."

"చూడకూడదంటే ఎందుకు పెట్టారు మరి, అందరికీ కనపడేలా?"

"కోర్టు అందరిదీ కాబట్టి."

"జూస్."

"ఇస్తాను జూనీ. ఆ మీటలు కొట్టకమ్మా, అమ్మ పని పాడవుతుంది. వెర్నా గారూ, చూసినందుకు డబ్బులు పడతాయంటగా, పేజీకింతని."

"నువ్వు చూసే కాసిని పేజీలకి బిల్లు వెయ్యరులే. నీ సొంత అకౌంటేగా ఇది?"

"పోయినవారం ఇదే కుర్చీలో కూర్చుని చేసుకున్నాను. పేరు, అడ్రసు, పుట్టినరోజు, అన్నీ గుచ్చి గుచ్చి అడిగింది. చదువెంతని మాత్రం అడగలేదు, బతికిపోయాను."

"ఎంతేంటి?"

"పదో క్లాసు సగం. అప్పటికి ఇదిగో ఇది కడుపులో పడింది."

"చదవడం వచ్చుగా, చాలు. అయితే మార్లీ, ముందే చెప్తున్నాను. కోర్టు సంగతుల్లో నేను సలహా ఇవ్వకూడదు. రూలు. ఎక్కడ నొక్కాలో చెప్తాను, అంతవరకే."

"అంతే చాలండి. పేరు వద్దు, కేసు నంబరుతో వెతికితే తేలికన్నారుగా మీరు. లాయరు పంపిన కాగితం మీద ఉందది. ఇక్కడే పెట్టాను, సంచిలో... డైపర్ల కింద... ఏదీ..."

"నిదానంగా వెతుకు. ఐదింటిదాకా తెరిచే ఉంటాంగా."

"నిదానం కుదరదండీ. డాల్టన్ ఫోను చేస్తాడు. ఇప్పుడు చేస్తాడో, ఇంకాసేపట్లో చేస్తాడో. చేసేసరికి అది నా కళ్ళముందుండాలి."

"ఏది?"

"కేసు చిట్టా. మొదట్నించీ ఏ కాగితం వేశారో, ఎవరు వేశారో, నంబర్ల వరసలో ఉంటుందంటగా. ఆ చిట్టా. ఇదిగో దొరికింది నంబరు. జూనీ, నోట్లో పెట్టుకోకు, ఇలా ఇవ్వు."

"ప్రింటు తీసి పోస్టులో పంపేస్తే పోయేదానికి ఇంత హడావుడేంటే?"

"ఆ కాగితం లోపలికి పోనివ్వరు వెర్నా గారూ. దానికోసం కొట్టుకు చస్తారని, కనపడితే లాగేసుకుంటారు. అందుకే ఫోన్లో చదవమన్నాడు."

"కొట్టుకు చచ్చేదెవరు?"

"లోపల ఉన్నవాళ్ళు. ఎవడన్నా కొత్తగా వస్తే, ఏదీ నీ కాగితాలు అంటారంట. వీడు ఇంకొకడి మీద చెప్పి తన శిక్ష తగ్గించుకున్నాడేమో చూడాలి కదా వాళ్ళకి. డాల్టన్‌కి తక్కువ పడింది. అదే కేసులో పట్టుబడ్డ మిగతా ఇద్దరికంటే తక్కువ."

"వాడు కారు తోలాడంతేగా. మత్తుమందు సరుకు ముట్టలేదని పేపర్లో కూడా వేశారు."

"వాళ్ళు పేపరు చూడరు. నంబర్లు చూస్తారు. వరసలో ఒక నంబరు లేదనుకోండి, అది కోర్టు సీలు వేసి దాచిన కాగితం. సీలు వేశారంటే వీడు ఊదేశాడు, తోటివాళ్ళ గుట్టు పోలీసులకి చెప్పేశాడు. అంతే వాళ్ళ లెక్క."

"అదేం లెక్క? సీలు నానా కారణాలకి వేస్తారు."

"నాకు చెప్తారేంటి, వాళ్ళకి చెప్పండి. ఇంకోటుంది తెలుసా. ఒక ప్రాంతం వాళ్ళంతా ఒకే బల్ల దగ్గర కూర్చుని తింటారంట. కెంటకీ వాళ్ళది కెంటకీ బల్ల. బల్లలో ఎవడన్నా చెడిపోయాడని తేలితే, ఆ బల్లవాళ్ళే వాడి పని పట్టాలి. అందులోనూ వాడి ఊరివాడే ముందుండాలి. బయటివాళ్ళని వేలు పెట్టనివ్వం అంటాడు డాల్టన్. ఏదో గొప్పలాగా చెప్తాడు."

"పని పట్టడమంటే?"

"నేనడగలేదు."

"అడగాల్సింది."

"అడిగితే చెప్తాడని భయం. వెర్నా గారూ, ఇదేంటి, మళ్ళీ పాస్‌వర్డ్ అడుగుతోంది."

"మనం కబుర్లలో పడ్డాంగా. ఊరికే కూర్చుంటే బయటికి తోసేస్తుంది. మళ్ళీ కొట్టు."

"కొట్టాను. తప్పంటోంది."

"ఒంటి చేత్తో కొడుతున్నావు మరి. పిల్లని నాకివ్వు. రా జూనీ, రా, ఈ ఏనుగు బొమ్మ చూడు. ఇప్పుడు కొట్టు."

"వెళ్ళింది. వెళ్ళింది. కేసు నంబరు కొడుతున్నాను... వచ్చింది. అమ్మో, ఏం రాశారు చూడండి. అమెరికా సంయుక్త రాష్ట్రాలు ఒకపక్క, డాల్టన్ ఒకపక్క. దేశం మొత్తం కట్టగట్టుకుని ఒక్కడి మీద పడ్డట్టు."

"అందరికీ అలాగే రాస్తారు."

"కుర్రాడు కారు తోలితే దేశానికి కోపం."

"పేర్లు మూడున్నాయి కదూ? గార్త్ ఎవరు?"

"వాడే పెద్ద తలకాయ. వీళ్ళిద్దర్నీ దింపినవాడు. రెండోది వేలన్. మీకు తెలుసుగా."

"నెల్డా కొడుకా? సన్నగా, రివటలా, చర్చిలో గిటారు వాయించేవాడు?"

"వాడే. వాడూ డాల్టనూ చిన్నప్పట్నించీ ఒకే కంచంలో తిన్నారు. సరే, ఇప్పుడెక్కడ నొక్కాలి?"

"చిట్టా అని ఉందే, అక్కడ."

"నొక్కాను. వస్తోంది. ఒకటి... నాలుగు... తొమ్మిది... పద్నాలుగు..."

"ఏమైంది?"

"రెండు లేదు. మూడు లేదు. వెర్నా గారూ, సగం లేవు. ఇరవై రెండు, తర్వాత ఇరవై తొమ్మిది. అన్నీ బొక్కలే. అన్నీ సీలు వేసేశారు. వాడు ఊదాడా? నాకు చెప్పకుండా ఊదాడా?"

"మార్లీ."

"ఇది చదివితే వాణ్ణి ఇవాళే చంపేస్తారు. నేను చదవను. కరెంటు పోయిందని చెప్తాను. లైబ్రరీ మూసేశారని చెప్తాను."

"మార్లీ, ముందు ఊపిరి తీసుకో. వెనక్కి వెళ్ళు. అదిగో, డాల్టన్ పేరు పక్కన టిక్కు పెట్టావు చూడు."

"ఆయన కాగితాలేగా నాక్కావాల్సింది."

"అందుకని ఆయనవే ఇచ్చింది. నంబర్లు మాత్రం కేసు మొత్తానికి కలిపి వేస్తారు. రెండూ మూడూ మిగతా ఇద్దరివై ఉంటాయి. టిక్కు తీసేసి, అందరివీ రమ్మను."

"సలహా ఇవ్వనన్నారుగా."

"ఇది సలహా కాదు, టిక్కు."

"అబ్బ. ఏమనుకోకండి వెర్నా గారూ, కట్టుకున్నవాణ్ణి ఎంత మాటన్నాను."

"ఎవరికి చెప్తాంలే. వచ్చిందా?"

"వస్తోంది. ఒకటి, రెండు, మూడు, నాలుగు. వరసగా ఉన్నాయి. ఐదు, ఆరు... పదిహేను... ముప్ఫై... ముప్ఫై ఎనిమిది, ముప్ఫై తొమ్మిది, నలభై, నలభై రెండు."

"నలభై ఒకటేదీ?"

"పైకి జరిపితే ఉంటుందేమో. లేదు. నలభై, నలభై రెండు. ఇక్కడ కూడా ఏదో టిక్కు ఉందా?"

"లేదు. అన్నీ సరిగ్గానే ఉన్నాయి."

"అయితే నలభై ఒకటి ఎవరిది? చిన్నక్షరాలు, నాకు... అయ్యో, ఫోను. ఆయనే. ఆ నంబరే."

"లైబ్రరీలో ఫోన్లు... సరే, ఎత్తు. గొంతు తగ్గించు."

"ఈ కాల్ ఫెడరల్ జైలు నుంచి వస్తోంది. మీ సంభాషణ రికార్డు అవుతుంది. మాట్లాడదలిస్తే ఐదు నొక్కండి."

"నొక్కాను, నొక్కాను. డాల్టన్?"

"చిట్టా నీ ముందుందా?"

"ఉంది. ఎలా ఉన్నావు? తిన్నావా?"

"చదువు మార్లీ."

"జూనీ కూడా ఇక్కడే ఉంది. జూనీ, ఇదిగో నాన్న, మాట్లా..."

"తర్వాత. చదువు. గట్టిగా చదువు."

"ఇది లైబ్రరీ డాల్టన్, గట్టిగా ఎలా..."

"గట్టిగా. ఇక్కడ నేనొక్కణ్ణే లేను."

"ఎవరున్నారు?"

"స్నేహితులు. మొదలుపెట్టు."

"ఒకటి, ముగ్గురి మీదా నేరారోపణ. రెండు, గార్త్‌కి వారెంటు. మూడు, వేలన్‌కి వారెంటు. నాలుగు, నీకు. ఐదు, గార్త్ లాయరు వచ్చాడు. ఆరు, వేలన్‌కి లాయర్ని కోర్టే పెట్టింది. ఏడు..."

"వరసగా ఉన్నాయా?"

"ఉన్నాయి."

"చూసి చెప్తున్నావా, నా మీద ప్రేమకొద్దీ చెప్తున్నావా?"

"చూసే చెప్తున్నాను. నీవన్నీ ఉన్నాయి. ఒక్కటి కూడా పోలేదు. నువ్వు తప్పు ఒప్పుకున్నది ఉంది, నీ శిక్ష ఉంది, అన్నీ ఉన్నాయి."

"మొత్తంలో లేనిదేమన్నా ఉందా?"

"నీది కాదు."

"అది అడగలేదు నేను."

"ఒకటి లేదు. నలభై ఒకటి."

"నలభై చదువు."

"నీది కాదని చెప్పానుగా. చాలదా?"

"చాలదు. నువ్వు నా పెళ్ళానివి, నువ్వు కాదంటే ఇక్కడెవడికి చాలుతుంది? పైన లైను చదువు. కింద లైను చదువు. పేరుతో సహా."

"మార్లీ, చదవకు తల్లీ."

"ఎవరది? ఎవరు వద్దంటున్నారు?"

"వెర్నా గారు. జూనీని ఎత్తుకుని ఉన్నారు."

"ఆవిణ్ణి పక్కకి పొమ్మను. మార్లీ, విను. ఇక్కడ లెక్క ఇద్దరి మధ్య ఉంది. ఇద్దరిలో ఒకడు. నేనా, ఇంకొకడా. అర్థమవుతోందా? ఇవాళ తేలాలి."

"ఇంకొకడెవడు?"

"అడక్కు. జూనీకి నాన్న కావాలా వద్దా, అది చెప్పు."

"అదేం మాట డాల్టన్."

"చదువు."

"నలభై. ఒక కాగితానికి సీలు వేయమని విన్నపం. వేసింది... వేలన్ లాయరు. నలభై రెండు. జడ్జి సరేనని ఉత్తర్వు."

"పేరు ఇంకోసారి."

"విన్నావుగా."

"నేను విన్నాను. ఇంకోసారి."

"వేలన్. వేలన్. చాలా? డాల్టన్? డాల్టన్, ఉన్నావా?"

"ఉన్నాను."

"అయితే నీకేం భయం లేదుగా ఇంక."

"లేదు. నాకేం లేదు."

"మరి గొంతేంటి అలా అయిపోయింది?"

"నిన్న ఇక్కడికి బస్సొచ్చింది. కొత్తవాళ్ళొచ్చారు. పనుంది."

"ఏం పని?"

"బల్ల పని. విను, కొన్నాళ్ళు నేను ఫోను చెయ్యకపోతే కంగారు పడకు."

"ఎందుకు చెయ్యవు? కొన్నాళ్ళంటే ఎన్నాళ్ళు?"

"జూనీకి ముద్దు పెట్టానని చెప్పు."

"డాల్టన్, ఆగు. డాల్టన్?"

"ఫోను పెట్టేశాడా?"

"పెట్టేశాడు. వెర్నా గారూ, మా ఆయనకేం భయం లేదంట. తేలిపోయిందంట."

"మరి కూర్చోవేం?"

"కూర్చుంటాను. ఎందుకో తెలీదు, సంతోషంగా ఉండాలి కదా నేను."

"ఆ పేరు చదవకుండా ఉండాల్సింది నువ్వు."

"చదవకపోతే నా మొగుణ్ణి చంపుతారు. చంపనివ్వమంటారా?"

"నేనలా అన్నానా?"

"అయినా వేలన్ అక్కడ లేడు. ఎక్కడో దూరాన, వేరే జైల్లో వేశారు వాణ్ణి. ఈ మాట అక్కడిదాకా ఎవరు మోసుకెళ్తారు? వాడికేం కాదు. వాడికేం కాదు కదండీ?"

"మనం ఆ పేజీ మూసేద్దాం ముందు. బయటికి వచ్చెయ్."

"వచ్చేశాను. కానీ ఇద్దరిలో ఒకడన్నాడు. రెండోవాడెవడు? గార్త్ అక్కడ లేడే."

"ఏమే మార్లీ, ఇక్కడున్నావా? మీ ఇంటికెళ్ళి తలుపు విరిగేలా కొట్టొచ్చాను."

"నెల్డా అత్తా."

"వెర్నమ్మా, ఇదిగో నీ పెద్దక్షరాల పుస్తకాలు. ఆలస్యమైంది, తిట్టకు. ఒకటి ఇంకా పూర్తవలేదు గానీ హంతకుడెవరో నాకు తెలిసిపోయింది."

"పరవాలేదు నెల్డా. కూర్చో."

"కూర్చోను. బీన్స్ పొయ్యి మీద పెట్టి వచ్చాను. ఒక్క మాట చెప్పి పోతాను. పిల్లా, నీకో మంచి కబురు. మా వేలన్‌ని మార్చారు."

"మార్చారా?"

"ఎన్నాళ్ళుగా అర్జీలు పెడుతున్నాను, ముసలిదాన్ని, అంత దూరం రాలేను, దగ్గరికి తెండి అని. చివరికి విన్నారు. ఎక్కడికో చెప్పుకో చూద్దాం."

"ఎక్కడికి అత్తా?"

"మీ ఆయన దగ్గరికే. అదే జైలు. నిన్న బస్సులో దించారంట. ఇంక నువ్వూ నేనూ ఒకే కారులో వెళ్ళి రావచ్చు. నేను మొక్కజొన్న రొట్టె తెస్తాను, నువ్వు కారు తోలు. ఏంటే, అలా తెల్లబోయావు?"

"ఒకే కేసువాళ్ళని ఒకేచోట పెడతారా నెల్డా?"

"నేనూ అదే అడిగాను వెర్నమ్మా, వాళ్ళ ఆఫీసులో. ఒకరి మీద ఒకరు చెప్పినవాళ్ళయితే ఛస్తే పెట్టరంట. మా వాడు ఎవరి మీదా నోరు విప్పలేదు కదా, అందుకని అభ్యంతరం లేదన్నారు. నోరు విప్పుంటే ఇన్నేళ్ళు పడేవా? ఏదో, డాల్టన్ ఉన్నాడు, ఒకే ఊరివాడు, ఒకే బల్ల దగ్గర తింటారు, నాకదే ధైర్యం."

"అత్తా, నేనొకటడుగుతాను, చెప్తావా?"

"అడుగు."

"వేలన్ లాయరు ఒక కాగితానికి సీలు వేయించాడు. అదేంటి?"

"నీకెవరు చెప్పారది?"

"కోర్టు వెబ్‌సైట్లో ఉంది."

"ఉండకూడదే. ఎవరికీ కనపడదన్నాడు లాయరు."

"కాగితం కనపడదు. సీలు వేయమని అడిగినట్టు కనపడుతుంది. చెప్పు అత్తా, ఏంటది?"

"ఎవరికీ చెప్పనని వాడికి మాటిచ్చాను."

"నెల్డా, ఇప్పుడు చెప్పాలి నువ్వు. నా మాట విను, చెప్పు."

"మీ ఇద్దరి మొహాలేంటి ఇలా ఉన్నాయి? ఏం జరిగింది?"

"చెప్పు అత్తా."

"కౌంటీ జైల్లో ఉన్నప్పుడు, విచారణకి ముందు... వాడు దుప్పటి చింపుకుని మెడకి బిగించుకున్నాడు. గార్డు చూశాడు కాబట్టి దక్కాడు. తర్వాత డాక్టరొచ్చి చూసి రిపోర్టు రాశాడు. అదే ఆ కాగితం. ఊళ్ళో ఎవరన్నా చదివితే నేను తిరిగొచ్చి ఎవరి మొహం చూడను అమ్మా, అని ఏడ్చాడు. అందుకని లాయరు దాన్ని మూయించాడు. అంతే. వెర్నమ్మా, నువ్వెందుకు కళ్ళు తుడుచుకుంటున్నావు?"

"ఫోను. వెర్నా గారూ, మీ బల్ల మీద ఫోను ఇవ్వండి. జైలు నంబరు ఎక్కడుంటుంది? వెతకండి, మీరు వెతకండి."

"వెతుకుతున్నాను."

"ఎవరన్నా నాకు చెప్తారా లేదా?"

"నేను చదివాను అత్తా. ఫోన్లో చదివాను, డాల్టన్‌కి. అక్కడ వాళ్ళంతా విన్నారు. ఒక నంబరు లేదని, అది వేలన్‌దని. వాళ్ళు వేలన్ ఊదాడనుకుంటారు. అనుకునే ఉంటారు ఈపాటికి."

"మా వాడు ఊదలేదు."

"తెలుసు."

"తెలిస్తే ఎందుకు చదివావు?"

"ఇప్పుడు తెలిసింది. వాడక్కడ ఉన్నాడని కూడా ఇప్పుడే తెలిసింది. డాల్టన్‌ని చంపుతారని భయపడి చదివాను అత్తా. నన్ను తర్వాత కొట్టు. ఎంతన్నా కొట్టు."

"డాల్టన్ ఉన్నాడుగా అక్కడ. నా చేతి రొట్టె తిని పెరిగాడు వాడు. మా వాడి మీద చెయ్యి పడనిస్తాడా?"

"అత్తా, వాళ్ళ పద్ధతి నీకు తెలీదు. బల్లలో ఒకడు చెడిపోతే ఆ ఊరివాడే..."

"ఆ ఊరివాడే, ఏంటి?"

"ఇదిగో నంబరు. మోగుతోంది. కానీ మార్లీ, ఆలోచించుకున్నావా? నీ పేరడుగుతారు. నువ్వు చెప్పావని గంటలో బల్లంతా తెలిసిపోతుంది. అప్పుడు గార్డులకి ఉప్పందించింది డాల్టన్ ఇల్లే అవుతుంది. నువ్వు దేనికి భయపడి ఇదంతా చేశావో, అదే..."

"తెలుసండీ. ఇవ్వండి."

"నాకివ్వు. తల్లిని నేను. నేను మాట్లాడతాను. హలో? హలో, బాబూ, మా అబ్బాయి నిన్న మీ దగ్గరికి వచ్చాడు. వేలన్ అని. వాడికేదో ప్రమాదం ఉంది బాబూ."

"ఖైదీల వివరాలు ఫోన్లో చెప్పం అమ్మా."

"వివరాలొద్దు. ఒకసారి వాణ్ణి చూడండి చాలు. తల్లిని."

"రోజూ ఎందరో తల్లులు చేస్తారమ్మా. అందరికీ ప్రమాదమే. నాలుగింటికి అందర్నీ నిలబెట్టి లెక్కపెడతాం, అప్పుడు ఎలాగూ చూస్తాం."

"నాలుగింటికంట. నాలుగింటిదాకా ఆగమంటున్నాడు మార్లీ."

"ఇలా ఇవ్వు అత్తా. సార్, నాలుగింటిదాకా ఆగకండి. పెట్టెయ్యకండి సార్, ఒక్క నిమిషం."

"మీరెవరు?"

"ఇప్పుడే మీ జైల్లోంచి నాకు ఫోనొచ్చింది. మీరే రికార్డు చేసి ఉంటారు. తీసి వినండి. కాదు, వినడం తర్వాత. ముందు మనిషిని పంపండి. వేలన్ని వేరే గదిలోకి తీసుకెళ్ళండి. సన్నగా ఉంటాడు, పొడుగ్గా ఉంటాడు, ఎవరితో దెబ్బలాడే రకం కాదు. ఒకసారి తన ప్రాణం తనే తీసుకోబోయాడు, ఇంకొకరు తీస్తామంటే అడ్డు కూడా పడడు."

"అమ్మా, మీరు అతనికేమవుతారు?"

"జూనీ, ఏడవకు. వెర్నా గారూ, దాన్ని కాస్త అటు తీసుకెళ్ళండి, ఇది వినకూడదది."

"అడిగేది మిమ్మల్నే. ఏమవుతారు?"

"వాడికి నేనేమీ కాను సార్. ఇప్పుడు వాడి దగ్గరికి వెళ్తున్నవాడి పెళ్ళాన్ని. వాడి పేరు డాల్టన్ ఫ్యూగేట్, రాసుకోండి. నా పేరు మార్లీ ఫ్యూగేట్, అదీ రాసుకోండి. రాసింది చాల్లెండి, లేవండి సార్, వెళ్ళి ఆ అబ్బాయిని ఒక్కసారి చూసి రండి."